ఉమ్మడి ఫోల్డరు పంపకం

కుట్టుపని దుకాణం,
తెరకి మిషను ఉన్న వైపు.

చిరంజీవి మరిది స్క్రూడ్రైవరుకి మీ పెద్ద వదిన దీవించి రాయించేది.

నేను బాగానే ఉన్నాను. నా కంప్యూటరే బాగాలేదు. ఇది క్షేమసమాచారాల ఉత్తరం కాదు, ఫిర్యాదు. కూర్చుని చదువు.

రాసేది మన కాజాల మాస్టరు. నేను చెప్పింది చెప్పినట్టు రాయాలనీ, తిట్టొస్తే తిట్టే రాయాలనీ, మధ్యలో నున్నగా ఇస్త్రీ చెయ్యకూడదనీ ముందే చెప్పి కూర్చోబెట్టాను. కాజా ఎంత తిన్నగా కుడతాడో అక్షరం అంత వంకరగా రాస్తాడట. నాకైతే రెండూ ఒకలాగే కనిపిస్తాయి. (చదవగలిగేలానే రాస్తున్నానండీ. కాజాల మాస్టరు.) ఫోన్లో చెప్పొచ్చుగా అంటావేమో. నీ సొరంగంలో ఫోను పలకదు. పలికినా చెప్పను. ఫోన్లో చెప్పిన మాటని రేపు నువ్వు "అలా అన్నావా వదినా" అంటే నేనేం తెచ్చి చూపించను? కాగితం మీదుంటే నాకు చదవడం రాకపోయినా పదిమందికీ వచ్చు.

విషయం ఏమిటంటే, నేనూ చిన్నదీ వేరుపడ్డాం. నీ అన్నలిద్దరూ పోయాక కూడా ఈ దుకాణాన్ని ఒక్క తలుపుతోనే నడిపిన తోటికోడళ్ళం, ఇప్పుడు మధ్యలో తెర కట్టుకున్నాం. ఎందుకు కట్టుకున్నామన్నది ఈ కేసులోకి రాదు. అడగకు. అటువైపు కత్తిరింపు బల్ల, ఇటువైపు బొమ్మలు కుట్టే మిషను. ఇస్త్రీ పెట్టెలు, గుండీల డబ్బాలు, దారం కండెలు, బల్లలు, సూదులతో సహా పంచుకున్నాం. ఎదురు వీధిలో గుండీల కొట్టాయన పెద్దమనిషిగా కూర్చున్నాడు. ఒక్క పేచీ రాలేదు. కంప్యూటరు దగ్గరే వచ్చింది.

అందులో సీతాకోకచిలుక బొమ్మ నాది, కత్తెర బొమ్మ దానిది. నువ్వు పెట్టిందేగా. "అక్షరాలు రాకపోతే ఏం వదినా, సీతాకోకచిలుక మీద రెండుసార్లు నొక్కు, మిషనుకి డిజైను ఎక్కించేది తెరుచుకుంటుంది" అన్నావు. ఆ రోజు నుంచి నొక్కుతూనే ఉన్నాను, ఒక్కనాడూ తప్పు నొక్కలేదు. చిన్నది కత్తెర నొక్కి కొలతల కాగితాలు తీసుకునేది. వేరుపడ్డాక అది ఎక్కడో మూసేసిన ఆఫీసు నుంచి ఒక పాత కంప్యూటరు తెచ్చుకుంది. దాని కత్తెర దానికిచ్చేశాం. అక్కడితో అయిపోవాల్సింది.

ఈ మాస్టరున్నాడే, ఊరుకోడు. కంప్యూటరు తెర మీద వేలు పెట్టి, "అమ్మగారూ, ఇక్కడ ఇంకో ఫోల్డరుంది. పేరు కామన్ అని ఉంది. అంటే ఉమ్మడి" అన్నాడు. ఉమ్మడి అని రాసుంటే పంచకుండా ఎలా వదులుతాం? గుండీలాయన కూడా అదే అన్నాడు, ఇప్పుడు తేల్చకపోతే రేపు దీని మీదే తగువొస్తుంది అని. మాస్టరు ఒక్కో పేరూ చదివాడు. ఒకటి నాకు, ఒకటి దానికి, గిన్నెలు పంచుకున్నట్టే. పెద్దదాన్ని గనక మొదటిది నాది. చివర్లో ఒకటి మిగిలితే పోనీలే పాపం అని దానికే వదిలేశాను. రాయి మాస్టరూ, నేనే వదిలేశానని గట్టిగా రాయి. దాని వాటా పెన్‌డ్రైవులో వేసిచ్చి నా దాంట్లోంచి తీసేశాం.

మర్నాడు పొద్దున సీతాకోకచిలుక మీద నొక్కితే ఎర్ర గుర్తుతో ఒక పలక లేచింది. ఏదో ఫైలు దొరకలేదట, అది లేకపోతే మొదలుపెట్టలేదట. ఆ ఫైలు పేరు చివర చుక్క పెట్టి డీఎల్ఎల్ అని ఉందని మాస్టరు చదివాడు. పలక మూసి మళ్ళీ నొక్కాను. మళ్ళీ అదే పాట.

నా ఫిర్యాదు ఇదీ. ఏ ఫైలు ముఖ్యమో చదువుకున్న చిన్నదానికి తెలుసు, చదువులేని నాకు తెలియదు. నా మిషనుకి ప్రాణం లాంటిదేదో తన వాటాలోకి లాగేసుకుంది. ఆఖర్న మిగిలినదాన్ని నేను దానంగా ఇచ్చానే, అదే అయ్యుంటుందని నా అనుమానం.

బడి యూనిఫాం జేబుల మీద కుట్టే ముద్రలు బడులు తెరిచేలోపు ఇవ్వాలి. ఇవ్వకపోతే బజారులో పెద్ద కొట్టువాడు చెయ్యి చాపుకుని కూర్చున్నాడు. చేతికుట్టు నా వేళ్ళలోంచి ఎప్పుడో పోయింది. ఈ మిషను కూడా పోతే ఈ దుకాణంలో నాకు పని లేదు. వచ్చినవాళ్ళకి కుర్చీ చూపించి మంచినీళ్ళిచ్చే ముసలమ్మగా మిగలాలి. అలా మిగలడం నాకు చేతకాదు. కంప్యూటరు పెట్టినవాడివి నువ్వు, ఇద్దరికీ మరిదివి నువ్వు. దొంగతనమా కాదా, తేల్చి రాయి.

మీ పెద్ద వదిన,
వేలిముద్ర పక్కన చూసుకో.

*

సొరంగం పని,
కంట్రోలు గది.

పెద్ద వదినకు మరిది నమస్కరించి రాసేది.

సరుకుల లారీలో నీ ఉత్తరం వచ్చింది. ఇక్కడ కొండ లోపల గాలి పంపే ఫ్యాన్లు చూసుకోవడమే నా పని. అవి సక్రమంగా తిరుగుతున్నంతసేపూ నాకు ఉత్తరాలు చదవడానికి బోలెడు తీరిక. అందుకని నీ తిట్లతో సహా రెండుసార్లు చదివాను.

తీర్పు అడిగావు కాబట్టి ముందు అదే చెప్తాను. దొంగతనం కాదు. కానీ మీరంతా కలిసి చేసిన పనికి ఏం పేరు పెట్టాలో నాకు తెలియడం లేదు.

వదినా, నీ సీతాకోకచిలుకనీ చిన్న వదిన కత్తెరనీ తయారుచేసింది ఒకే కంపెనీ. తెర మీద గీత గియ్యడం, ప్రింటరుతో మాట్లాడటం, బొమ్మని చిన్నదీ పెద్దదీ చెయ్యడం, ఈ పనులు రెండింటికీ కావాలి. ఎవరికి వాళ్ళు మోసుకు తిరగడం ఎందుకని ఆ పనులు చేసేవాటిని ఒక్కచోట పెట్టారు. ఎవరికి అవసరమొస్తే వాళ్ళు అక్కడికెళ్ళి పని చేయించుకుంటారు. డీఎల్ఎల్ అని చివరుండేవి అవే. మన దుకాణానికి కరెంటు మీటరు ఒకటే ఉంది కదా. నీ మిషనూ దాని మీదే నడుస్తుంది, చిన్న వదిన ఇస్త్రీపెట్టే దాని మీదే నడుస్తుంది. పంపకాల్లో ఆ మీటరుని రంపం పెట్టి కోసి చెరో ముక్కా పట్టుకెళ్ళారా? ఈ ఫోల్డరుని మాత్రం కోశారు.

ఇంకో సంగతి. తెర మీద ఏ పేరు వచ్చిందో అది ఒక్కటే పోయిందని కాదు. లోపలికి వెళ్ళేటప్పుడు మొదట అవసరమైంది అది, అక్కడే ఆగిపోయింది. అది దొరికితే ఇంకోదాని కోసం ఆగుతుంది. సగం లేనప్పుడు ఎన్నిసార్లు ఆగుతుందో నువ్వే ఆలోచించు. ఇంతకీ చిన్న వదిన కత్తెర తెరుచుకుంటోందా? కనుక్కున్నావా? నాకు తెలిసి అదీ ఇలాగే మొరాయిస్తూ ఉండాలి.

బాగుచెయ్యడం కష్టం కాదు. ఫైలు గిన్నె కాదు వదినా. గిన్నె ఇచ్చేస్తే నీ దగ్గర ఉండదు. ఫైలుకి నకలు తీసి ఇస్తే ఇచ్చినవాళ్ళ దగ్గరా ఉంటుంది, పుచ్చుకున్నవాళ్ళ దగ్గరా ఉంటుంది. చిన్న వదిన సగం నువ్వు తీసుకో, నీ సగం ఆవిడకివ్వు. రెండు కంప్యూటర్లలోనూ ఆ కామన్ ఫోల్డరులోనే, అవే పేర్లతో పెట్టించు. మాస్టరుతో చెప్పు, ఈసారి కట్ కాదు, కాపీ అని.

రెండు జాగ్రత్తలు. ఆ ప్రోగ్రాముల డిస్కు గీతలు పడి ఎప్పుడో పాడైపోయింది, కంపెనీ కూడా మూతపడింది. మళ్ళీ ఎక్కించుకుందామంటే దారి లేదు. ఉన్నదల్లా మీ ఇద్దరి దగ్గరున్న ఆ రెండు సగాలే, అవి చెరిపెయ్యకండి. రెండోది, అదే పేరున్న ఫైలు ఇంటర్నెట్లో ఉచితంగా దొరుకుతుందని ఎవరైనా అంటే వాళ్ళని గుమ్మం ఎక్కనివ్వకు. పేరు ఒకటే ఉంటుంది, లోపల ఏముందో దేవుడికే తెలియాలి.

కేసులోకి రాదన్నావు గానీ అడుగుతున్నాను. ఎందుకు వేరుపడ్డారు?

మీ మరిది.

*

కుట్టుపని దుకాణం,
మిషను ఉన్న వైపు.

స్క్రూడ్రైవరుకి పెద్ద వదిన రాయించేది.

నీ ఉత్తరం మాస్టరు చేత నేనూ రెండుసార్లు చదివించుకున్నాను. రెండోసారి కూడా నాకు న్యాయం జరగలేదు.

ఇచ్చినా తరగదంటావు. తరగనిదాన్ని ఆస్తి అని ఎవరంటారు? అది మొత్తం తీసుకుని, నేనూ మొత్తం తీసుకుంటే, మరి గుండీలాయన అంతసేపు కూర్చుని పంచిందేమిటి? ఇదే మాట ఆయన్ని అడిగితే టీ తాగేసి వెళ్ళిపోయాడు.

దాని సగం అడిగి తీసుకోమంటున్నావు. నేను అడగను. ఎందుకు వేరుపడ్డారని నువ్వు అడిగినదానికి జవాబు కూడా ఇదే అనుకో. ఎదురుగా "బాగుందక్కా" అని, వెనకాల ఇంకోటి చేసేవాళ్ళని చెయ్యి చాపి ఏమీ అడగను. ఇంతకుమించి రాయించను. మాస్టరుకి కూడా చెప్పలేదు, చెవులు రిక్కించి కూర్చున్నాడు. (లేదండీ.)

ఇంక నువ్వు వద్దన్న పని నీ ఉత్తరం రాకముందే జరిగిపోయింది, నన్ను అనకు. లారీ ఆలస్యానికి నాదా పూచీ? మూలమీద కంప్యూటర్ల కొట్టతను వచ్చాడు. అన్నిటికీ "అయిదు నిమిషాలు" అంటాడు, మేం అతన్ని అలాగే పిలుస్తాం. ఆ ఫైలు పేరు చూసి, "ఇది ఇంటర్నెట్లో ఊరికే దొరుకుతుందమ్మా, అయిదు నిమిషాలు" అన్నాడు. దింపి, "ఎక్కడికో వెళ్ళక్కర్లేకుండా సీతాకోకచిలుక పక్కనే పెడతాను" అని దాని సొంత ఫోల్డరులో పెట్టాడు. అప్పుడు ఇంకోటి అడిగింది. అదీ దింపాడు. ఆ తర్వాత ఇంకోటి. నువ్వన్నట్టే గుమ్మం గుమ్మం దగ్గరా ఆగింది, ఆ మాట ఒప్పుకుంటాను. వీధి దీపాలు వెలిగే వేళకి పలక రావడం మానేసింది. ఇప్పుడు నొక్కితే సీతాకోకచిలుక పెద్దదిగా కనబడి, గజగజ వణికి, మాయమైపోతోంది. ఇది కాక కంప్యూటరులో ఒక మూలనుంచి ఎవత్తో పొడుచుకొచ్చి బరువు తగ్గమంటోంది. నేనున్నదే పుల్లలా. ఇంకేం తగ్గను?

అయిదు నిమిషాలు ఆ రోజు నుంచి ఫోనెత్తడం లేదు.

బడి అటెండరు వచ్చి వెళ్ళాడు. హెడ్డుగారు కబురంపారట, వచ్చే వారానికి ఒక్క నమూనా ముద్రైనా చూపించకపోతే పని బజారు కొట్టుకి ఇచ్చేస్తామని. పొద్దున్నే వచ్చి మిషను తుడిచి, నూనె వేసి, దారం ఎక్కించి, దాని ముందు కూర్చుంటున్నాను. అటువైపు కూడా బల్ల మీద కత్తెర చప్పుడు లేదు. ఎందుకో నాకనవసరం.

అడగకుండా బాగయ్యే మార్గం ఏదైనా ఉంటే రాయి. లేకపోతే రాయకు.

పెద్ద వదిన.

*

కుట్టుపని దుకాణం,
కత్తిరింపు బల్ల వైపు.

మరిదిగారికి చిన్న వదిన ఆశీస్సులు.

అక్క మీకు ఉత్తరాలు రాయిస్తోందని తెర ఇవతలనుంచి వింటూనే ఉన్నాను. అక్క చెప్పడం వీధి చివరికి వినిపిస్తుంది కాబట్టి ఇందులో నా తప్పు లేదు. ఇవాళ్టి ఉత్తరం కూడా విన్నాను. అక్క రాయించని ముక్క నేను రాయాలనిపించింది.

పోయిన ఏడాది బడి ముద్రలు కుట్టినప్పుడు కొన్ని పక్కకి ఒరిగి వచ్చాయి. మిషను తప్పు కాదు. బట్టని గుండ్రటి ఫ్రేములో బిగించేటప్పుడు అక్క వంకరగా బిగిస్తోంది. కళ్ళు ఆనడం లేదు. ఆ మాట అనుకోదు, అననివ్వదు. కుట్టినవి నాకు చూపించి "ఎలా ఉంది" అని అడిగితే నేను "బాగుందక్కా" అనేదాన్ని. సాయంత్రం ఒరిగినవి ఏరి మేడ మీద గదికి పట్టుకెళ్ళి, విప్పి, చేత్తో మళ్ళీ కుట్టి, పొద్దున మూటలో కలిపేసేదాన్ని. ఎవరికీ తెలియలేదనుకున్నాను.

ఈ ఏడాది పని చెప్పడానికి వచ్చిన అటెండరు అక్క ముందే అనేశాడు. "పోయినసారి కొన్ని చేతికుట్టు వేసినట్టున్నారే, అవి ఇంకా బాగున్నాయి, హెడ్డుగారు కూడా అన్నారు" అని. వాళ్ళబ్బాయి చొక్కా మీదున్న ముద్ర చూపించాడు. అక్క దాన్ని తిరగేసి వెనకవైపు వేలితో తడిమింది. దారం ముడి నేనెలా వేస్తానో అక్కకి తెలియదా, నాకు నేర్పిందే తను. కళ్ళు ఆనకపోయినా వేలికి తెలిసిపోయింది. "బాగానే ఉంది" అన్నట్టు తల ఊపి చొక్కా అతనికిచ్చేసింది. మర్నాడు తెర కట్టించింది.

ఆ రోజు నుంచి నాతో మాటల్లేవు. ఏదైనా కావాలంటే, "మాస్టరూ, అటువైపు వాళ్ళని సుద్దముక్క అడుగు" అంటుంది. వాళ్ళంటే నేనొక్కదాన్నే.

మీరు రాసినట్టు నా కత్తెర కూడా తెరుచుకోవడం లేదు. పోనీ నా దగ్గర ఏదుంటే అది ఇచ్చెయ్యడానికి నాకేం అభ్యంతరం లేదు. నేను చదువుకున్నానని అక్క అంటుంది గానీ, ఆ ఫైళ్ళలో ఏది దేనికో నాకూ తెలియదు. మాస్టరు చదివాడు, నేను తల ఊపాను.

నాకొక ఆలోచన వచ్చింది, మీరు సరేనంటే చేస్తాను. అక్క మధ్యాహ్నం కాసేపు వెనక గదిలో నడుం వాలుస్తుంది. అప్పుడు నా సగం ఆ కంప్యూటరులో పెట్టేసి, అక్క సగం నకలు తీసుకుని వచ్చేస్తాను. లేచాక నొక్కితే తెరుచుకుంటుంది. దానంతటదే బాగైందనుకుంటుంది. నన్ను అడగాల్సిన అవసరం రాదు, అక్క మాటా నిలబడుతుంది. ఏ ఫైలు ఎక్కడ పెట్టాలో సరిగ్గా రాసి పంపండి. మాస్టరు కాపలా ఉంటానన్నాడు.

ఆ మిషను ముందు పని లేకుండా కూర్చుంటున్న మనిషిని చూడలేకపోతున్నాను.

మీ చిన్న వదిన.

*

సొరంగం పని,
కంట్రోలు గది.

చిన్న వదినకు మరిది నమస్కరించి రాసేది.

మీ ఇద్దరి ఉత్తరాలూ ఒకే లారీలో వచ్చాయి. ముందు పెద్ద వదినది చదివాను, తర్వాత మీది. నవ్వాలో ఏడవాలో తెలియక కాసేపు బయటికెళ్ళి నిలబడి వచ్చాను.

మీరు చెప్పిన ఆలోచన వద్దు. పెద్ద వదిన పడుకున్నప్పుడు వెళ్ళి బాగుచేసి రావడమంటే, ముద్రలు విప్పి కుట్టినట్టే కదా వదినా. ఆవిడకి కోపం తెప్పించింది తన పని బాగాలేకపోవడం కాదని నాకనిపిస్తోంది. తనకి తెలియకుండా మీరు దిద్దడం. ఈసారి కూడా వేలితో తడిమి పట్టేసుకుంటుంది. అప్పుడు తెర బదులు గోడ కట్టిస్తుంది.

ఆవిడ మెలకువగా ఉన్నప్పుడు వెళ్ళండి. "నా సగం తీసుకో" అనకండి. ఆవిడ సగం మీకు కావాలని అడగండి. మీ కత్తెరకి అది నిజంగానే కావాలి, నటించాల్సిన పని లేదు. ఇన్నాళ్ళూ మీది కూడా ఆగిపోయిందని చెప్పకుండా ఎందుకు కూర్చున్నారో నాకర్థం కాలేదు.

ఇంక కంప్యూటరు సంగతి. రెండు సగాలూ కలిపి కామన్ ఫోల్డరులో పెట్టాక మీ కత్తెర తెరుచుకుంటుంది. పెద్ద వదిన సీతాకోకచిలుక తెరుచుకోదు. కంగారు పడకండి, కారణం ఉంది. ఏ ప్రోగ్రామైనా తనకి కావాల్సిన ఫైలుని ముందు తన సొంత ఫోల్డరులో వెతుకుతుంది. అక్కడ ఆ పేరు కనబడితే చాలు, అది అసలుదో కాదో చూడదు, ఉమ్మడి ఫోల్డరు దాకా వెళ్ళదు. ఆ అయిదు నిమిషాలాయన దింపినవన్నీ సొంత ఫోల్డరులోనే పెట్టాడట కదా. అందుకని అసలువి తెచ్చి ఉమ్మడిలో పెట్టినా అది ఇంట్లో ఉన్న నకిలీలనే పట్టుకుని వణుకుతుంది.

ముందు నెట్టు వైరు పీకెయ్యండి. సీతాకోకచిలుక ఫోల్డరు తెరిచి తేదీల వరసలో పెడితే ఈమధ్య వచ్చినవి విడిగా కనిపిస్తాయి. ఉమ్మడి ఫోల్డరులో ఉన్నవాటితో పేర్లు పోల్చి చూడండి. పేరు ఒకటే, తేదీ కొత్తది అయితే అది నకిలీ. అప్పుడే చెరపొద్దు. పక్కన ఒక ఫోల్డరు చేసి అందులోకి తరలించండి. అంతా బాగుందనుకున్నాక పారేద్దురుగాని. బరువు తగ్గమనే ఆవిడని వదిలించడానికి వైరస్‌ స్కాను పెట్టండి, దాని పద్ధతి వెనక కాగితంలో రాశాను.

ఈ ఉత్తరం మొత్తం పెద్ద వదినకి చదివి వినిపించండి. మొత్తం అంటే మొత్తం.

మీ మరిది.

*

కుట్టుపని దుకాణం.

చిరంజీవి మరిదికి పెద్ద వదిన రాయించేది.

రాసేది చిన్నది. మాస్టరు యూనిఫాం కాజాల్లో మునిగిపోయాడు, వాడికి తల ఎత్తే తీరిక లేదు. చేతిరాత మారిందని నువ్వేమీ అనుకోకు. చదువుకోవడానికి నీకు సుఖంగా ఉంటుంది. నాకు తేడా ఏముంది.

నీ ఉత్తరం వచ్చిన పొద్దున తెర ఎత్తుకుని నేనే అటువైపు వెళ్ళాను. పెద్దదాన్ని, ఎవరో ఒకరు ముందడుగు వెయ్యాలి కదా అని. దాని సగం నాకివ్వమన్నాను. అది కూడా "నీ సగం నాకు కావాలక్కా" అంది.

"నీకెందుకు?" అన్నాను.

"నా కత్తెర కూడా తెరుచుకోవడం లేదు."

"చెప్పలేదే."

"నువ్వు అడగలేదే."

సరే, మాస్టరు పెన్‌డ్రైవు పట్టుకుని అటూ ఇటూ తిరిగాడు. కట్ కాదు కాపీ అని ప్రతిసారీ పైకి అనుకుంటూ చేశాడు. దాని కత్తెర నొక్కగానే తెరుచుకుంది. నా సీతాకోకచిలుక వణికి మాయమైంది. నాకు ఒళ్ళు మండింది. నీది తెరుచుకుని నాది తెరుచుకోలేదంటే ఇదేం ధర్మమని దాన్ని గట్టిగానే అన్నాను. అప్పుడది నీ ఉత్తరం తీసి చదవడం మొదలుపెట్టింది. ఆ నకిలీల సంగతి ఒక్కటి చదివేసి ఊరుకోవచ్చు. ఊరుకోలేదు. నేను పడుకున్నప్పుడు దొంగలా వద్దామనుకుందట, అదీ చదివింది. ముద్రలు విప్పింది, అదీ చదివింది. చదువుతున్నంతసేపూ కాగితం మొహానికి అడ్డం పెట్టుకుంది.

"ఎందుకు చెప్పలేదు?" అని అడిగాను.

"చెప్తే నువ్వు మిషను మానేస్తావని."

"మానేస్తే?"

"ఈ దుకాణంలో నేనొక్కదాన్నీ ఎవరితో తిట్టించుకోను?"

ఇందాక ఒళ్ళు మండిందని చెప్పానే, అది ఎక్కడికి పోయిందో పోయింది. "ముందు ఆ నకిలీల సంగతి చూడు" అన్నాను.

నెట్టు వైరు పీకింది. ఫోల్డరు తెరిచి తేదీలు చూస్తూ ఒక్కోటీ పేరు చదివింది. మాస్టరు ఉమ్మడి ఫోల్డరులో అదే పేరుందో లేదో చూసి చెప్పాడు. ఉన్నవాటిని పక్కకి తోసింది. నొక్కమని మౌసు నా చేతికిచ్చింది. నేను చెయ్యి తుడుచుకుని నొక్కాను. సీతాకోకచిలుక వచ్చింది, వణకలేదు. దాని వెనక నా డిజైన్ల వరస వచ్చింది, గుడ్లగూబ, పుస్తకం, దీపం, అన్నీ. ఎవరింటికో వెళ్ళిన పిల్లలు ఒక్కసారి వచ్చినట్టనిపించింది. ఆ ముక్క కొట్టెయ్. సరే, ఉంచు.

బడి ముద్ర ఎక్కించి నమూనా కుట్టాను. కుట్టి దానికి చూపించి "ఎలా ఉంది" అన్నాను. పైకప్పు కేసి చూస్తోంది. మాస్టరు కూడా పైకప్పు కేసే చూస్తున్నాడు. అక్కడ ఫ్యాను తప్ప ఏమీ లేదు.

"చూసి చెప్పవే" అన్నాను.

"కుడివైపు దిగిందక్కా."

"ఎంత?"

"గోరంత."

"గోరంత కనబడిందా నీకు?"

"కనబడింది."

స్కేలు పెట్టి చూడమన్నాను. గోరంత కాదు, ఇంకొంచెం ఎక్కువే ఉందట, నా మీద జాలిపడి తగ్గించి చెప్పింది. దానిక్కూడా తిట్టాను. ఫ్రేము విప్పి బట్ట తిన్నగా పెట్టాను. అది పక్కన నిలబడి "కొంచెం ఎడమకి, చాలు, కాదు, ఇంకొంచెం" అంటూంటే పెట్టాను. నా పనికి ఇంకొకళ్ళు దారి చెప్పడం నా జన్మలో ఇదే మొదలు. రెండోది తిన్నగా వచ్చింది. నమూనా అటెండరు పట్టుకెళ్ళాడు. హెడ్డుగారు సరేనన్నారు. ఇవాళ పొద్దుటి నుంచీ మిషను ఆగలేదు, ఈ ఉత్తరం కూడా దాని చప్పుడు మధ్యలోనే రాయిస్తున్నాను. ముద్రలన్నీ ఇచ్చేశాక కళ్ళ డాక్టరు దగ్గరికి వెళ్ళాలని చిన్నది అంటోంది. చూద్దాం అన్నాను. చూద్దామంటే వెళ్తానని కాదు, నువ్వు అపార్థం చేసుకోకు.

నువ్వు తీర్పు ఇవ్వక్కర్లేదు. నేనే ఇచ్చేశాను. వేరుపడ్డది వేరుపడ్డట్టే ఉంటుంది, పదిమందిలో జరిగిన పంపకాన్ని నేను తిరగదోడను. కంప్యూటర్లు రెండూ ఉంటాయి, రెండింట్లోనూ ఫైళ్ళన్నీ ఉంటాయి. తెర మాత్రం పైకి చుట్టి కట్టాం. చిన్నది నా మిషను పక్కన నిలబడాలంటే మాటిమాటికీ తలకి తగులుతోంది. నేను పెట్టింది ఒక్కటే షరతు. నా పనిలో తప్పుంటే నా మొహం మీద చెప్పాలి, నేను తిట్టినా చెప్పాలి. వెనకాల దిద్దడాలు పనికిరావు. ఒప్పుకుంది.

ఉత్తరం అయిపోయింది గనక మొత్తం చదివి వినిపించమన్నాను. వినిపించింది. వినిపించి పెన్ను బల్ల మీద పెట్టేసింది. ఏమిటే అన్నాను. తర్వాత ఏం జరిగిందో కూడా జరిగింది జరిగినట్టు రాయమన్నాను, అందుకని రాస్తోంది.

"అక్కా, ఇందులో ఒకటి తప్పుంది."

"ఏమిటి?"

"ఆ రోజు నువ్వు రాలేదు. తెర ఎత్తి వచ్చింది నేను. నువ్వు నా వైపు చూడను కూడా లేదు. అటు తిరిగి దారం చుట్టుకుంటున్నావు."

నా మొహం మీదే అంది, మాస్టరు వింటుండగా. మిషను ఒక ముద్ర ముగించి ఆగింది. ఫ్రేము విప్పాను, కొత్త బట్ట పెట్టాను, బిగించాను. అది అక్కడే నిలబడి ఉంది, పెన్ను ముట్టుకోలేదు.

సరే. దిద్దు.